చివరి స్లాష్, రీడైరెక్ట్ చిక్కులు: తరచుగా అడిగే ప్రశ్నలు

వెబ్ ఫ్రేమ్‌వర్క్‌లతో (వెబ్‌సైట్లు కట్టేందుకు వాడే సిద్ధ కోడ్ చట్రాలతో) పని చేసేవారిని యూఆర్ఎల్ చివర ఉండే ఒక్క గీత (/, అంటే స్లాష్) ఎన్ని తిప్పలు పెడుతుందో అనుభవించినవారికి చెప్పనక్కరలేదు. పేజీ తెరుచుకోకపోవడం, ఫారమ్‌లో నింపిన వివరాలు మాయం కావడం, బ్రౌజర్ ఒకే చోట గిరగిరా తిరగడం వంటి లక్షణాలు వేటికవి వేరుగా కనిపించినా, వాటి మూలం చాలాసార్లు ఈ స్లాష్ దగ్గరే ఉంటుంది.

ప్రశ్న: /వార్తలు, /వార్తలు/ అనే రెండు చిరునామాలూ ఒకటే కదా?

కావు. యూఆర్ఐల (వెబ్ చిరునామాల) నిర్మాణాన్ని నిర్దేశించే ఇంటర్నెట్ ప్రమాణ పత్రం ఆర్ఎఫ్‌సీ 3986 (2005) ప్రకారం ఇవి రెండు వేర్వేరు చిరునామాలు. రెండింటికీ ఒకే పేజీని చూపాలా, ఒకదాన్నుంచి మరొకదానికి పంపాలా, ఒకదానికి 404 (‘ఆ పేజీ లేదు’ అన్న జవాబు) ఇవ్వాలా అన్నది పూర్తిగా సర్వర్ ఇష్టం. డొమైన్ పేరు తర్వాత ఏమీ లేకపోయినా ఒక్క స్లాష్ ఉన్నా తేడా లేకపోవడమన్నది మూల చిరునామాకు మాత్రమే ఉన్న మినహాయింపు, ఎందుకంటే అక్కడ ఖాళీ పాత్‌ను బ్రౌజర్ తానే స్లాష్‌గా మార్చి పంపుతుంది.

తేడా సర్వర్‌తో ఆగిపోదు. పేజీలో ‘ఈరోజు’ అని సాపేక్షంగా రాసిన లింకు ఉందనుకోండి. బ్రౌజర్ ప్రస్తుత చిరునామాలో ఆఖరి స్లాష్ తర్వాత ఉన్నదంతా కొట్టేసి, ఆ స్థానంలో ‘ఈరోజు’ను అతికిస్తుంది. కాబట్టి /వార్తలు/ అన్న పేజీలో ఆ లింకు /వార్తలు/ఈరోజు అవుతుంది, /వార్తలు అన్న పేజీలో మాత్రం /ఈరోజు అయిపోతుంది. పేజీ వస్తోంది కానీ బొమ్మలూ స్టైల్ ఫైళ్లూ రావడం లేదన్న ఫిర్యాదు వింటే నేను ముందుగా చూసేది ఇదే.

ప్రశ్న: కొన్ని ఫ్రేమ్‌వర్క్‌లలో ఎలా రాసినా పేజీ తెరుచుకుంటుంది, మరికొన్నిటిలో 404 వస్తుంది. ఎందుకు?

ఒక్కో ఫ్రేమ్‌వర్క్‌ను రూపొందించినవారు ఒక్కో పద్ధతిని డిఫాల్ట్‌గా పెట్టారు కాబట్టి. రైల్స్, ఎక్స్‌ప్రెస్ రెండు రూపాలనూ ఒకే రూట్‌గా (చిరునామాను దానికి జవాబిచ్చే కోడ్‌తో ముడిపెట్టే నియమంగా) భావించి, రీడైరెక్ట్ (వేరే చిరునామాకు మళ్లింపు) లేకుండా నేరుగా జవాబిస్తాయి. ఎక్స్‌ప్రెస్‌లో స్ట్రిక్ట్ రూటింగ్ అనే సెట్టింగ్‌ను ఆన్ చేస్తే తప్ప ఈ ఉదారత పోదు. నెక్స్ట్.జేఎస్ స్లాష్‌ను తీసేసి 308తో (శాశ్వత మళ్లింపు కోడ్‌తో) మళ్లిస్తుంది, ట్రెయిలింగ్‌స్లాష్ అనే సెట్టింగ్‌ను ట్రూ చేస్తే ఎదురుగా నడుస్తుంది. ఫాస్ట్‌ఏపీఐ కింద పనిచేసే స్టార్‌లెట్ మీరు ఏ రూపంలో రూట్ రాశారో చూసుకుని, రెండో రూపంలో వచ్చినవారిని 307తో (తాత్కాలిక మళ్లింపు కోడ్‌తో) అటు పంపుతుంది.

ఫ్లాస్క్ పద్ధతి కాస్త ఆలోచింపజేసేది. రూట్‌ను స్లాష్‌తో రాస్తే, స్లాష్ లేకుండా వచ్చినవారిని అది మళ్లిస్తుంది. స్లాష్ లేకుండా రాస్తే మాత్రం, స్లాష్‌తో వచ్చినవారికి 404 చూపుతుంది. ఫోల్డర్ పేరు చివర స్లాష్ పెట్టకపోయినా అర్థమవుతుంది గానీ ఫైలు పేరు చివర స్లాష్ పెడితే అర్థం ఉండదన్న తర్కం దీని వెనుక ఉంది. తర్కం బాగానే ఉన్నా, ఒకే ప్రాజెక్టులో నలుగురు నాలుగు రకాలుగా రూట్లు రాసినప్పుడు ఏది 404 ఇస్తుందో ఎవరికీ గుర్తుండదు.

లారావెల్ సంగతి వేరు. దాని రూటర్ స్లాష్‌ను పట్టించుకోదు. స్లాష్ తీసేసే 301 రీడైరెక్ట్ అపాచీ అనే వెబ్ సర్వర్ కోసం ప్రాజెక్టుతో పాటు వచ్చే.హెచ్‌టీయాక్సెస్ ఫైలులో ఉంటుంది. సైటును అపాచీ నుంచి ఎన్‌జిన్ఎక్స్ అనే మరో వెబ్ సర్వర్‌కు మార్చిన రోజున ఆ ఫైలును చదివేవారు ఉండరు, రీడైరెక్ట్ చడీచప్పుడు లేకుండా మాయమవుతుంది, ప్రతి పేజీకీ రెండు చిరునామాలు పుట్టుకొస్తాయి.

ప్రశ్న: స్ప్రింగ్ బూట్‌ను 2 నుంచి 3కు మార్చగానే కొన్ని చిరునామాలు 404 ఇస్తున్నాయి. కోడ్‌లో ఏమీ మార్చలేదు.

2022 నవంబరులో వచ్చిన స్ప్రింగ్ ఫ్రేమ్‌వర్క్ 6, దానిపై ఆధారపడిన స్ప్రింగ్ బూట్ 3, చివరి స్లాష్‌ను ఉపేక్షించే పాత అలవాటును డిఫాల్ట్‌గా మానేశాయి. రూట్ ఎలా రాశారో అలాగే అడగాలి. లేదంటే రెండు రూపాలనూ మ్యాపింగ్‌లో విడివిడిగా రాయాలి.

ప్రశ్న: జాంగోలో అపెండ్_స్లాష్ ట్రూగానే ఉంది. అయినా స్లాష్ లేకుండా అడిగితే 404 వస్తోంది.

ఆ సెట్టింగ్ ఒంటరిగా ఏమీ చేయదు. దాన్ని చదివి అమలు చేసేది కామన్ మిడిల్‌వేర్ (ప్రతి అభ్యర్థన వ్యూను చేరేముందు దాటే కోడ్ పొర). మిడిల్‌వేర్ జాబితాను ఎవరైనా కుదించి ఉంటే దాన్ని తిరిగి చేర్చాలి. రెండవది, ఈ మళ్లింపు జరగాలంటే రెండు షరతులు నెరవేరాలి: స్లాష్ లేని చిరునామాకు ఏ ప్యాటర్న్ (రూట్‌లో రాసిన చిరునామా నమూనా) సరిపోకూడదు, స్లాష్ చేర్చిన చిరునామాకు ఏదో ఒకటి సరిపోవాలి. జాబితా చివర ‘ఏది వచ్చినా ఇక్కడికి’ అన్న తరహా ప్యాటర్న్ ఉంటే మొదటి షరతు ఎప్పటికీ నెరవేరదు, ఎందుకంటే స్లాష్ లేని చిరునామాను అది ముందే పట్టేసుకుంటుంది. సింగిల్ పేజీ అప్లికేషన్‌ను (ఒకే పేజీలో జావాస్క్రిప్ట్‌తో నడిచే సైటును) జాంగో ద్వారా అందించేవారు ఈ గోతిలో తరచుగా పడతారు.

ఇక స్లాష్ లేకుండా రాసిన ప్యాటర్న్‌ను స్లాష్‌తో అడిగితే 404 తప్పదు. జాంగోకు స్లాష్ చేర్చడం తెలుసు, తీసేయడం తెలియదు. ఏదో ఒక్క వ్యూకు (చిరునామాకు జవాబిచ్చే ఫంక్షన్‌కు) మాత్రం ఈ చేర్పు వద్దనుకుంటే, 3.2 వెర్షన్ నుంచి నో_అపెండ్_స్లాష్ అనే డెకరేటర్ ఉంది.

ప్రశ్న: ఫారమ్ పంపితే ఎర్రర్ ఏదీ రావడం లేదు, కానీ డేటా చేరడం లేదు. కొన్నిసార్లు ‘405, గెట్ అనుమతించబడదు’ అని వస్తోంది. నేను పంపింది పోస్ట్.

ఈ పేజీలో ఒక్క జవాబే చదవగలిగితే దీన్ని చదవమంటాను, ఎందుకంటే మిగతా చిక్కులు కళ్లకు కనిపిస్తాయి, ఇది కనిపించదు.

మీరు /సంప్రదించండి అనే చిరునామాకు పోస్ట్ (డేటాను మోసుకెళ్లే అభ్యర్థన) పంపారు. సర్వర్ 301 ఇచ్చి /సంప్రదించండి/ దగ్గరకు వెళ్లమంది. 301, 302 జవాబులు అందుకున్న బ్రౌజర్లు పోస్ట్‌ను గెట్‌గా (పేజీని చూపమని మాత్రమే అడిగే అభ్యర్థనగా) మార్చి, లోపలి డేటాను వదిలేసి, కొత్త చిరునామాకు వెళ్లడం తొలినాళ్ల నుంచీ అలవాటు. హెచ్‌టీటీపీ ప్రమాణం కూడా చివరికి ఈ అలవాటును అంగీకరించింది. పైథాన్‌లోని రిక్వెస్ట్స్ లైబ్రరీ కూడా అలాగే చేస్తుంది. గమ్యంలోని వ్యూ గెట్‌ను కూడా స్వీకరించేదైతే ఖాళీ ఫారమ్‌ను 200తో చూపిస్తుంది, అంతా సవ్యంగా ఉన్నట్టే కనిపిస్తుంది. పోస్ట్‌ను మాత్రమే స్వీకరించేదైతే మీరు చూసిన 405 వస్తుంది. నిజానికి 405 వచ్చినవారు అదృష్టవంతులు. నేను నడిపిన ఒక సైటులో సంప్రదింపుల ఫారమ్ ఇలా కొన్ని వారాలపాటు ఉత్తరాలను గాలిలో కలిపేసింది. ‘మీకు రాశాను, జవాబు రాలేదు’ అని ఒకరు వేరే దారిలో అడిగేదాకా నాకు తెలియలేదు.

జాంగో డీబగ్ మోడ్‌లో ఉంటే, పోస్ట్, పుట్, పాచ్ వంటి అభ్యర్థన స్లాష్ లేకుండా వచ్చినప్పుడు రన్‌టైమ్‌ఎర్రర్ లేపి గట్టిగా హెచ్చరిస్తుంది. ప్రొడక్షన్‌లో ఆ హెచ్చరిక ఉండదు, 301 మాత్రమే ఉంటుంది. అందుకే డెవలపర్ యంత్రంలో పరీక్షించని ఫారమ్‌లోనే ఈ లోపం బతికిపోతుంది.

పోస్ట్‌ను పోస్ట్‌గానే ఉంచమని ఆదేశించే జవాబులు 307, 308. మొదటిది తాత్కాలికం, రెండవది శాశ్వతం. 308 ప్రామాణిక రూపం పొందింది 2015లో, ఆర్ఎఫ్‌సీ 7538 ద్వారా. ఇప్పటి ఫ్లాస్క్ 308ను, స్టార్‌లెట్ 307ను వాడటానికి కారణం ఇదే. 302, 307ల మధ్య ఉండే 303 ఉద్దేశం వేరు: ఫారమ్ స్వీకరించడం అయిపోయింది, ఫలితాన్ని ఫలానా చోట గెట్‌తో చూడమని చెప్పడానికి దాన్ని వాడతారు.

అయినా రీడైరెక్ట్ కోడ్ మార్చడం నా దృష్టిలో రెండో మందే. అభ్యర్థన పంపే చోటే చిరునామాను సరిదిద్దడం మొదటి మందు. టెంప్లేట్‌లో చిరునామాను చేత్తో రాయకుండా, రూట్ పేరు ఇచ్చి ఫ్రేమ్‌వర్క్ చేత రాయించుకుంటే స్లాష్ తప్పే అవకాశమే ఉండదు. జాంగో రెస్ట్ ఫ్రేమ్‌వర్క్ రూటర్లు డిఫాల్ట్‌గా చివరి స్లాష్‌ను చేరుస్తాయన్న సంగతిని మొబైల్ యాప్ రాసేవారికి ముందే చెప్పడం కూడా ఇందులో భాగమే.

ప్రశ్న: ‘చాలాసార్లు దారిమళ్లించబడింది’ అని బ్రౌజర్ చేతులెత్తేస్తోంది. ఎక్కడ వెతకాలి?

బ్రౌజర్లు ఇరవై రీడైరెక్ట్‌ల వరకు ఓపిక పట్టి ఆగిపోతాయి. రెండు పొరలు (ముందున్న వెబ్ సర్వర్, వెనకున్న అప్లికేషన్ వంటివి) పరస్పరం విరుద్ధమైన ఆదేశాలు ఇస్తున్నాయన్నదే దాని అర్థం. వెతికే ముందు బ్రౌజర్‌ను పక్కనపెట్టి, కర్ల్ అనే కమాండ్ సాధనంతో ఒక్కో అడుగూ విడిగా చూడండి. ప్రత్యేకంగా చెబితే తప్ప కర్ల్ రీడైరెక్ట్‌ల వెంట వెళ్లదు కాబట్టి, ప్రతి జవాబులోని కోడ్‌నూ, ఎక్కడికి వెళ్లాలో చెప్పే లొకేషన్ హెడర్‌నూ తీరిగ్గా చదువుకోవచ్చు. ఒక మచ్చు:

అడిగింది: /సంప్రదించండి
1వ జవాబు: 301, లొకేషన్: /సంప్రదించండి/
2వ జవాబు: 301, లొకేషన్: /సంప్రదించండి
3వ జవాబు: 301, లొకేషన్: /సంప్రదించండి/

ఇక్కడ ఒకరు స్లాష్ పెడుతున్నారు, ఇంకొకరు తీసేస్తున్నారు. ఎవరు ఏది చేస్తున్నారో తేల్చడానికి అప్లికేషన్ లాగ్ చాలు. ముందున్న ఎన్‌జిన్ఎక్స్ స్లాష్ తీసేస్తూ, వెనకున్న జాంగో చేరుస్తూ ఉంటే, స్లాష్ ఉన్న అభ్యర్థనలు జాంగో దాకా రానే రావు. బ్రౌజర్‌లో ఒక్కసారి పేజీ తెరిచినందుకు జాంగో లాగ్‌లో స్లాష్ లేని అదే చిరునామా పదీ పదకొండు సార్లు క్షణాల తేడాతో కనిపిస్తుంది. లాగ్‌లో అలా ఒకే రూపం వరుసగా కనిపించిందంటే, రెండో రూపాన్ని దారిలోనే ఎవరో అడ్డుకుంటున్నారన్నమాట.

మూడు జవాబుల్లోనూ పాత్ ఒకటే ఉండి, లొకేషన్ ప్రతిసారీ హెచ్‌టీటీపీఎస్ చిరునామానే చూపిస్తుంటే వ్యాధి వేరు. ముందున్న ప్రాక్సీ (అభ్యర్థనలను అందుకుని వెనక సర్వర్‌కు అందించే మధ్యవర్తి) లేదా సీడీఎన్ (పేజీలను వాడుకరికి దగ్గరి నుంచి అందించే సేవ) ఎన్‌క్రిప్షన్‌ను తన దగ్గరే విప్పేసి, వెనకున్న సర్వర్‌తో మామూలు హెచ్‌టీటీపీలో మాట్లాడుతోంది. వెనకున్నది ‘ఇది సురక్షితం కాదు, హెచ్‌టీటీపీఎస్‌కు వెళ్లు’ అంటోంది. బ్రౌజర్ అప్పటికే అక్కడే ఉంది. ప్రాక్సీ ఎక్స్-ఫార్వర్డెడ్-ప్రోటో హెడర్‌ను పంపేలా చేసి, ఫ్రేమ్‌వర్క్‌కు దాన్ని నమ్మమని చెప్పాలి: జాంగోలో సెక్యూర్_ప్రాక్సీ_ఎస్ఎస్ఎల్_హెడర్, ఫ్లాస్క్‌లో ప్రాక్సీఫిక్స్, లారావెల్‌లో ట్రస్ట్‌ప్రాక్సీస్, ఎక్స్‌ప్రెస్‌లో ట్రస్ట్ ప్రాక్సీ. బయటివారు పంపిన ఆ హెడర్‌ను ప్రాక్సీ తుడిచేసి తన విలువ రాస్తుందని నిర్ధారించుకోకుండా మాత్రం ఇది చేయకూడదు, లేకపోతే ఎవరైనా తమ కనెక్షన్ సురక్షితమని అబద్ధం చెప్పవచ్చు.

రెండు సందర్భాలకూ నా సలహా ఒకటే: స్లాష్ గురించి నిర్ణయించే అధికారం ఒక్క పొరకే ఇవ్వండి, హెచ్‌టీటీపీఎస్ గురించి నిర్ణయించే అధికారం కూడా అంతే. ప్రాక్సీలో నియమం రాస్తే ఫ్రేమ్‌వర్క్‌లో ఆపేయండి. నేనైతే హెచ్‌టీటీపీఎస్‌ను ప్రాక్సీకి, స్లాష్‌ను ఫ్రేమ్‌వర్క్‌కు వదులుతాను, ఎందుకంటే ఏ రూట్ నిజంగా ఉందో తెలిసినది ఫ్రేమ్‌వర్క్‌కే.

ప్రశ్న: లూప్ లేదు, కానీ స్లాష్ మళ్లింపు తర్వాత హెచ్‌టీటీపీఎస్ పోయి హెచ్‌టీటీపీ వస్తోంది. లేదా చిరునామాలో :8080 తగులుకుంటోంది.

లొకేషన్ హెడర్‌లో పూర్తి చిరునామా రాసే పొర తన కంటికి కనిపించిన స్కీమ్‌నూ పోర్టునూ రాస్తుంది. ప్రాక్సీ వెనక కూర్చున్నదానికి కనిపించేది లోపలి స్కీమే, లోపలి పోర్టే. స్టార్‌లెట్ ఇలా పూర్తి చిరునామా రాస్తుంది కాబట్టి ఫాస్ట్‌ఏపీఐ వాడేవారి నుంచి ఈ ఫిర్యాదు ఎక్కువ. ఫాస్ట్‌ఏపీఐ అప్లికేషన్లను నడిపే సర్వర్ యూవికార్న్ డిఫాల్ట్‌గా 127.0.0.1 నుంచి వచ్చిన ఫార్వర్డెడ్ హెడర్లనే నమ్ముతుంది. ప్రాక్సీ వేరే కంటైనర్‌లో ఉంటే దాని చిరునామాను ఫార్వర్డెడ్-అలౌ-ఐపీస్ ఐచ్ఛికంలో ఇవ్వాలి. పోర్టు తగులుకునేది ఎన్‌జిన్ఎక్స్ వల్లనైతే పోర్ట్_ఇన్_రీడైరెక్ట్‌ను ఆఫ్ చేయవచ్చు, లేదా 1.11.8 వెర్షన్ నుంచి ఉన్న అబ్సొల్యూట్_రీడైరెక్ట్‌ను ఆఫ్ చేసి, పాత్ మాత్రమే రాయించవచ్చు.

ప్రశ్న: ఎన్‌జిన్ఎక్స్‌లో ప్రాక్సీ_పాస్ చివర స్లాష్ పెట్టాలా, వద్దా?

పెడితే ఒక అర్థం, పెట్టకపోతే మరో అర్థం. ఇక్కడ లొకేషన్ అంటే పై హెడర్ కాదు, ఏ పాత్‌కు నియమం వర్తిస్తుందో చెప్పే ఎన్‌జిన్ఎక్స్ బ్లాక్; ప్రాక్సీ_పాస్ అంటే అభ్యర్థనను వెనకున్న ఏ సర్వర్‌కు పంపాలో చెప్పే ఆదేశం. లొకేషన్ /సేవ/ అని ఉండి, ప్రాక్సీ_పాస్ చిరునామా పోర్టు దగ్గరే ముగిస్తే, /సేవ/జాబితా అన్న అభ్యర్థన యథాతథంగా వెనక్కి వెళ్తుంది. అదే చిరునామా చివర స్లాష్ ఉంటే, లొకేషన్‌కు సరిపోయిన భాగం తీసివేయబడి వెనక్కి /జాబితా మాత్రమే చేరుతుంది. లొకేషన్ చివర స్లాష్ లేకుండా, ప్రాక్సీ_పాస్ చివర స్లాష్‌తో రాస్తే //జాబితా చేరుతుంది. జంట స్లాష్‌లను శుభ్రం చేసే గో భాషలోని సర్వ్‌మక్స్ వంటి రూటర్ దాన్ని /జాబితాకు మళ్లిస్తుంది, ఆ చిరునామా బయటి ప్రపంచంలో లేదు కాబట్టి 404 వస్తుంది. కాబట్టి రెండు చోట్లా పెట్టండి, లేదా రెండు చోట్లా మానండి.

ఇంకొక సూక్ష్మం. స్లాష్‌తో ముగిసే లొకేషన్‌లో ప్రాక్సీ_పాస్ ఉంటే, /సేవ అని అడిగినవారికి ఎన్‌జిన్ఎక్స్ తానే 301 ఇస్తుంది, మీరు ఎక్కడా రాయకపోయినా. అది వద్దనుకుంటే సమాన చిహ్నంతో /సేవకు ప్రత్యేకంగా లొకేషన్ రాయాలి.

ప్రశ్న: సెట్టింగ్ సరిచేశాను, సర్వర్ మళ్లీ మొదలుపెట్టాను. అయినా బ్రౌజర్ పాత చోటికే వెళ్తోంది.

సర్వర్‌ను అడగకుండానే వెళ్తోంది. 301, 308 శాశ్వతమైనవి కాబట్టి బ్రౌజర్ వాటిని క్యాష్‌లో దాచుకుంటుంది. డెవలపర్ టూల్స్‌లో నెట్‌వర్క్ ట్యాబ్ తెరిచి, క్యాష్‌ను నిలిపివేసే గడిని టిక్ చేసి మళ్లీ ప్రయత్నించండి, లేదా ప్రైవేట్ విండోలో చూడండి. మీ బ్రౌజర్‌ను మీరు శుభ్రం చేసుకోగలరు, వాడుకరులందరి బ్రౌజర్లనూ శుభ్రం చేయలేరు. అందుకే కొత్త నియమాన్ని మొదట 302 లేదా 307తో కొన్నాళ్లు నడిపి, ఇక మార్చబోమని తేలాకే శాశ్వతం చేయాలి. క్యాష్ తుడిచినా హెచ్‌టీటీపీఎస్‌కే వెళ్తుంటే అది హెచ్‌ఎస్‌టీఎస్ (ఈ సైటుకు హెచ్‌టీటీపీఎస్‌తోనే వెళ్లమని బ్రౌజర్‌కు సర్వర్ ఇచ్చే ఆదేశం) పని, దాని జాబితా వేరు.

ప్రశ్న: కర్ల్‌తో పనిచేసే ఏపీఐ, బ్రౌజర్‌లోని జావాస్క్రిప్ట్ నుంచి పిలిస్తే సీఓఆర్ఎస్ ఎర్రర్ ఇస్తోంది.

సీఓఆర్ఎస్ అంటే ఒక సైటులోని జావాస్క్రిప్ట్ వేరే ఆరిజిన్‌ను (వేరే స్కీమ్, డొమైన్ లేదా పోర్టును) పిలవడానికి ఉన్న బ్రౌజర్ నియమాలు. చాలా రకాల అభ్యర్థనలను వేరే ఆరిజిన్‌కు పంపే ముందు బ్రౌజర్ ఆప్షన్స్ పద్ధతిలో ముందస్తు అనుమతి అడుగుతుంది. ఆ ప్రీఫ్లైట్ అభ్యర్థనకు రీడైరెక్ట్ జవాబుగా చెల్లదు, 200 శ్రేణిలోని జవాబే కావాలి. స్లాష్ మరిచి పిలిస్తే ప్రీఫ్లైట్‌కు 301 లేదా 307 వచ్చి అక్కడే ఆగిపోతుంది. సీఓఆర్ఎస్ సెట్టింగ్‌లను గంటల తరబడి కెలికే ముందు పిలిచే చిరునామా చివర ఒక స్లాష్ పెట్టి చూడండి.

ప్రశ్న: లాగిన్ అయిన వెంటనే మళ్లీ లాగిన్ పేజీయే వస్తోంది. దీనికీ స్లాష్‌కూ సంబంధం ఉందా?

ఉండవచ్చు. లాగిన్‌ను గుర్తుంచుకునే కుకీని ఏ చిరునామాలకు పంపాలో చెప్పే కుకీ పాత్‌ను /నిర్వహణ/ అని పెడితే, ఆర్ఎఫ్‌సీ 6265 నియమాల ప్రకారం ఆ కుకీ /నిర్వహణ అన్న చిరునామాకు వెళ్లదు. పాత్‌ను స్లాష్ లేకుండా /నిర్వహణ అని పెడితే రెండింటికీ వెళ్తుంది. బయటి సేవ ద్వారా ఓఆథ్ లాగిన్ (ఆ సేవలోని ఖాతాతోనే మీ సైటులోకి ప్రవేశం) చేయిస్తుంటే, అక్కడ నమోదు చేసిన తిరుగు చిరునామా, మీరు పంపే చిరునామా అక్షరం అక్షరం సరిపోవాలి. 2025 జనవరిలో వచ్చిన ఆర్ఎఫ్‌సీ 9700 ఈ కచ్చితత్వాన్నే కోరుతుంది. ఒక్క స్లాష్ తేడా చాలు, తిరస్కరిస్తారు.

ప్రశ్న: స్లాష్ మళ్లింపు వల్ల భద్రతా సమస్యలు వస్తాయా?

వచ్చాయి. రెండు స్లాష్‌లతో మొదలయ్యే లొకేషన్‌ను బ్రౌజర్ పాత్‌గా కాక వేరే హోస్ట్ పేరుగా చదువుతుంది. అప్లికేషన్ పాత్ మొదట్లో అలాంటి జంట స్లాష్ వచ్చినప్పుడు, చివర స్లాష్ చేర్చి గుడ్డిగా తిప్పి పంపితే వాడుకరి మోసగాడి సైటుకు చేరతాడు. జాంగోలో 2018లో సీవీఈ-2018-14574 (బహిరంగ భద్రతా లోపాల జాబితాలోని సంఖ్య) పేరుతో సరిదిద్దినది ఈ లోపమే, 1.11.15, 2.0.8 వెర్షన్లలో దిద్దుబాటు వచ్చింది. సొంతంగా మిడిల్‌వేర్ రాసుకునేవారు మొదటి స్లాష్‌లను ఒకటికి కుదించాకే లొకేషన్ రాయాలి.

ప్రశ్న: చిరునామాలో తెలుగు అక్షరాలు ఉన్న పేజీలకు మాత్రమే లూప్ వస్తోంది.

తెలుగు యూనికోడ్ చిహ్నం ఒక్కొక్కటీ యూటీఎఫ్-8లో మూడు బైట్లు, పర్సెంట్ ఎన్‌కోడింగ్‌లో తొమ్మిది అక్షరాలు. గుణింతపు గుర్తూ పొల్లూ విడి చిహ్నాలే కాబట్టి చిన్న మాట కూడా చాంతాడంత అవుతుంది. ఒక పొర దాన్ని విప్పి పోల్చి, మరో పొర విప్పకుండా పోల్చితే ‘ఇది సరైన రూపం కాదు’ అని ప్రతిసారీ మళ్లిస్తూనే ఉంటుంది. లొకేషన్‌లో %25 కనిపిస్తే అప్పటికే ఎన్‌కోడ్ అయినదాన్ని ఇంకొకరు మళ్లీ ఎన్‌కోడ్ చేశారని గుర్తు, ఎందుకంటే %25 అన్నది పర్సెంట్ గుర్తుకే ఎన్‌కోడింగ్. నా మచ్చులో పాత్‌లను తెలుగులో చూపించాను గానీ, నిజమైన హెడర్‌లో అవి ఎన్‌కోడ్ అయ్యే వెళ్లాలి.

ప్రశ్న: చివరికి స్లాష్ ఉంచాలా, తీసేయాలా? సెర్చ్ ర్యాంకుకు ఏది మంచిది?

గూగుల్‌కు రెండూ సమ్మతమే, కాకపోతే అది వాటిని వేర్వేరు చిరునామాలుగా చూస్తుంది. కాబట్టి ఒకదాన్ని ఎంచుకుని, రెండోదాన్ని దానికి మళ్లించి, సైట్‌మ్యాప్‌లోనూ కానానికల్ లింకులోనూ (పేజీకి అసలు చిరునామా ఇదేనని చెప్పే ట్యాగ్‌లోనూ) అంతర్గత లింకుల్లోనూ ఎంచుకున్నదాన్నే రాయండి. మీ ఫ్రేమ్‌వర్క్ డిఫాల్ట్ ఏదైతే దానినే ఎంచుకోమంటాను. దాని ప్రవాహానికి ఎదురీదడానికి తగిన కారణం నాకింతవరకు ఎదురుపడలేదు.

ప్రశ్న: ఇవి మళ్లీ తలెత్తకుండా ఎలాంటి టెస్టులు రాయాలి?

ప్రతి రూట్‌కూ తప్పు రూపంలో ఒక గెట్ పంపి, ఒకే ఒక్క రీడైరెక్ట్‌తో 200కు చేరుతోందా అని చూసే టెస్టు రాయండి. ప్రశ్న గుర్తు తర్వాతి క్వెరీ భాగాన్ని కూడా జత చేసి పంపండి, ఎందుకంటే ప్రాక్సీలో చేత్తో రాసిన రిటర్న్ నియమాలు దాన్ని తరచుగా రాల్చేస్తాయి. పోస్ట్ రూట్లకు మాత్రం లెక్క తలకిందులు: టెంప్లేట్లలోనూ క్లయింట్ కోడ్‌లోనూ ఉన్న ప్రతి చిరునామా సున్నా రీడైరెక్ట్‌లతో చేరాలి, ఒక్కటి వచ్చినా టెస్టు విఫలం కావాలి. ఈ టెస్టులను ఫ్రేమ్‌వర్క్ టెస్ట్ క్లయింట్‌తో నడిపితే ప్రాక్సీ పొర పరీక్షకు రాదు కాబట్టి, కొన్నింటినైనా స్టేజింగ్ సర్వర్ (ప్రొడక్షన్‌ను పోలిన పరీక్షా సర్వర్) మీద బయటి చిరునామాతోనే నడపాలి.